నగర ఋణము

నగరమనగా మేడలా, వానిని నిలిపిన మనుష్యులా యని మేమడుగుచున్నాము. రంగూను చరిత్రమును విజ్ఞులు పరికింతురుగాక.

1931 జనాభా లెక్కలలో ఆ పురవాసులలో సగమునకు మించి భారతీయులు. రేవున బస్తాలు మోసినవారిలో అధికసంఖ్యాకులు తెలుగువారు. వారి రెక్కల కష్టముమీదనే వర్తకము నడిచెను. 1941 డిసెంబరు 23న జపాను బాంబులు పడెను, జనులనేకులు హతులైరి. ఓడలలో చోటు దొరకని బీదలు అరకాను కొండలగుండను, మణిపురపు టడవులగుండను కాలినడకన బయలుదేరిరి. ఆకలిచేతను కలరాచేతను వేలమంది త్రోవలోనే ప్రాణములు విడిచిరి. తెల్లవారికొక దారియు నల్లవారికొక దారియు నేర్పరచిరని కాంగ్రెసు 1942లో నిరసించెను. 1945 మేలో ఆంగ్లసేన మరల నగరము ప్రవేశించెను. గోడలు తిరిగి లేచెను; వెడలినవారిలో పెక్కండ్రు తిరిగి రాలేదు.

కట్టడములను శత్రువు కూల్చెను. ధర్మమును పాలకుల పక్షపాతము కూల్చెను. ఇట్టి పక్షపాతమునకు యుద్ధమే యక్కరలేదు. 2020లో లాక్‌డౌను విధింపబడగా, జూబిలీ హిల్సు మొదలగు పేటలతో హైదరాబాదును నిర్మించిన వలసకూలీలలో ననేకులు స్వగ్రామములకు నడచిరి. మే 1వ తేదీన గాని లింగంపల్లినుండి తొలి శ్రామిక రైలు కదలలేదు.

పనివేళ పురవాసి, ఆపదవేళ పరవాసి యను న్యాయము ధర్మజ్ఞులకు సమ్మతము కాజాలదు. కూలి చెల్లించినంతమాత్రమున ఋణము తీరదు. ఆపదలో తోడు నిలుచుటచేతనే తీరును.