ఆఖరి మనిషి దాకా

తొట్లకొండ భిక్షువులది హీనయానమనీ, అంటే ఎవరి మోక్షం వాళ్ళు చూసుకునే దారి అనీ చాలామంది ఒక్క ముక్కలో తేల్చేస్తారు. భీమిలి రోడ్డులో ఆ కొండెక్కి కాసేపు తిరిగితే ఆ మాట అంత తేలిగ్గా మింగుడు పడదు. 1976లో నౌకాదళం సర్వేలో బయటపడి, 1988 నుంచి 1992 దాకా తవ్వితే తేలిన ఆరామం అది. ధ్యానానికి చిన్న చిన్న గదులున్న మాట నిజమే. కానీ అక్కడే వంటశాల ఉంది, అందరూ కూర్చుని తినే భోజనశాల ఉంది, నీళ్ళు నిలవ ఉంచుకోవడానికి రాతిలో తొలిచిన తొట్లున్నాయి. సాతవాహనుల నాణేలతో పాటు రోము వెండి నాణేలూ దొరికాయి. ఓడ మీద సరుకు వేసినవాడి సొమ్ము, కింద పల్లెలో ఊడ్చినవాళ్ళ బియ్యం, ఉలి పట్టినవాడి రెక్కల కష్టం కలిస్తేనే ఒక భిక్షువు కళ్ళు మూసుకుని కూర్చోగలిగాడు. అతను దుఃఖం నుంచి బయటపడ్డ రోజున ఆ ఉలి పట్టినవాడి సంగతేమిటి? ఎన్నో ఏళ్ళుగా నన్ను వదలని ప్రశ్న ఇది.

నేను పండితుణ్ణి కాను. ఉక్కు ఫ్యాక్టరీలో బ్లాస్ట్ ఫర్నేస్ దగ్గర పనిచేసి రిటైరయ్యాను. మాది పాలకొండ వైపు. మా నాన్న ఒక రైతు దగ్గర కంబారి, ఏడాదికిన్ని గింజలని మాట్లాడుకుని చేసేవాడు. నాకు ఉద్యోగం వచ్చాక ఆయన మరొకరి కళ్ళంలో చేతులు కట్టుకుని నిలబడలేదు. విముక్తి అన్న మాట వింటే ఇప్పటికీ నాకు ముందు గుర్తొచ్చేది ఆయన తలెత్తుకుని సంతకు నడిచి వెళ్ళడమే. ఆ నడకను చిన్నచూపు చూసే వేదాంతం ఏదైనా నాకు అక్కర్లేదు.

అయితే ఆ ఉద్యోగం నా ఒక్కడి కష్టంతో రాలేదు. 1966లో ఫ్యాక్టరీ కోసం అమృతరావు గారు విశాఖలో నిరాహారదీక్షకు కూర్చున్నారు. తెన్నేటి విశ్వనాథం గారి లాంటి పెద్దలు ముందు నిలిచారు. ‘విశాఖ ఉక్కు ఆంధ్రుల హక్కు’ అని రాష్ట్రమంతా కదిలింది. నవంబరు 1న ఈ ఊళ్ళో పోలీసులు కాల్పులు జరిపారు. ఆ ఉద్యమంలో రాష్ట్రం మొత్తం మీద 32 మంది ప్రాణాలు పోయాయి. 1971 జనవరి 20న ఇందిరాగాంధీ శంకుస్థాపన చేశారు. మొదటి ఫర్నేసు 1990లో వెలిగింది, దానికి గోదావరి అని పేరు. ఆ కరిగిన ఇనుము కాలువలో పారుతుంటే ముఖం కమిలే వేడి. ఎన్నిసార్లు ఆ వేడిలో నిలబడ్డా, ఇది చూడాల్సినవాళ్ళు దీన్ని చూడలేదు కదా అనిపించేది. వాళ్ళు తమ కోసం చావలేదు. తమకు దక్కనిదాని కోసం మనిషి ప్రాణం ఇస్తాడంటే, విముక్తి అనేది ఒక్కడి ఒంట్లోనో మనసులోనో ముగిసిపోయే వ్యవహారం కాదని నాకు గట్టి నమ్మకం.

ఇక్కడితో ఆగితే ఇది గర్వంగా చెప్పుకునే కథే. కానీ ఫ్యాక్టరీ గాలిలో లేవలేదు, 64 ఊళ్ళ భూమి మీద లేచింది. ఖాళీ చేసిన కుటుంబాలకు పునరావాసం కింద ఆర్ కార్డులిచ్చారు. కొందరికి కార్డుతో పాటు ఉద్యోగాలు వచ్చాయి, వేల కుటుంబాలు కార్డు పట్టుకుని ఎదురుచూస్తూ ఉండిపోయాయి. నాతో పాటు ఫర్నేసు కాస్ట్ హౌస్‌లో చేసిన మిత్రుడొకడు అప్పికొండ పక్క ఊరివాడు. శివరాత్రికి సముద్రం ఒడ్డున సోమేశ్వరుడి గుడికి నన్నూ తీసుకెళ్ళేవాడు. ఊళ్ళు లేచిపోయినా దేవుడు లేవలేదు, ఎక్కడెక్కడి కాలనీల నుంచో పాత ఊళ్ళవాళ్ళు ఆ రోజు అక్కడికి చేరతారు. ఒకసారి ఇసుకలో కూర్చుని అన్నాడు: “బావా, నాకు పనొచ్చింది. మా సిన్నాన్న కొడుక్కి రాలేదు. మా రెండు పొలాలకీ మజ్జిన ఒకటే గట్టు. ఇప్పుడు ఆడింటికెళ్తే మంచినీళ్ళడగడానికి కూడా నాకు నోరు రాదు.”

బంధం తెంచుకోవడమే ముక్తి అంటారు. ఇతనికి దక్కిన ముక్తి మాత్రం గట్టు అవతలి మనిషికి ఇతన్ని ఇంకా గట్టిగా కట్టేసింది. దీన్ని అర్థం చేసుకోవడానికి నాకు సాయం ఎవరూ ఊహించని చోటి నుంచి వచ్చింది: అద్వైతం నుంచి. 16వ శతాబ్దంలో అప్పయ్య దీక్షితులు సిద్ధాంతలేశసంగ్రహంలో సర్వముక్తి గురించి చర్చించారు. ఒకే బింబం అనేక అద్దాల్లో కనబడుతోందనుకుందాం. ఒక అద్దం పోతే అందులోని ప్రతిబింబం బింబంలో కలుస్తుంది. కానీ మిగతా అద్దాలు ఉన్నంతకాలం ఆ బింబం వాటికి బింబంగా ఉండక తప్పదు. అలాగే ముక్తి పొందినవాడు, తక్కిన జీవులు బంధంలో ఉన్నంతవరకు, ఈశ్వరుడిగా ఉంటాడే తప్ప శుద్ధబ్రహ్మంగా మిగలడు. అది అందరూ ముక్తులైన నాడే. మొదటిసారి ఇది చదివినప్పుడు పుస్తకం మూసి చాలాసేపు అలాగే ఉండిపోయాను. ఏకాంతంగా కొండగుహలో కూర్చుని చేరే గమ్యమని నేననుకున్న సిద్ధాంతంలో, ఆఖరి మనిషి వచ్చేదాకా మొదటివాడి పని పూర్తి కాదన్న మాట ఉంది. అనకాపల్లి దగ్గర బొజ్జన్నకొండ మీద మహాయానులు కొలిచిన బోధిసత్త్వుడిదీ ఆ పట్టుదలే. తిరుక్కోష్టియూరులో గోపురమెక్కి, నేను నరకానికి పోయినా సరే అని రహస్యమంత్రాన్ని అందరికీ వినిపించాడని రామానుజుల గురించి చెప్పుకునే కథా అదే దారి.

అలాగని గుంపుగా నడిస్తే చాలు, లోపల ఏమీ మారనక్కర్లేదంటే ఒప్పుకోలేను. యూనియన్లో మేం గొంతు చించుకుని అరిచిన రోజులున్నాయి. క్యాంటీన్లో అన్ని కులాలవాళ్ళం ఒకే బల్ల మీద తిన్నాం. ఇంట్లో పెళ్ళి మాట వచ్చేసరికి ఆ బల్ల ఎవరికీ గుర్తుండేది కాదు. గేటు దగ్గర ‘కార్మికుల ఐక్యత’ అన్నవాడే తాగి ఇంటికెళ్ళి భార్య మీద చెయ్యెత్తేవాడు. మా ఆవిడ నన్ను ఎప్పుడూ ఏమీ అనలేదు గానీ, ఒక రాత్రి క్యారియరు సర్దుతూ అడిగింది: “మీకు సి షిఫ్టు వారమే. ఇంట్లో మీ అందరి షిఫ్టులకూ లేచే నాకు ఏ వారం దిగుతుందండీ?” సమష్టి విముక్తి గురించి నేను విన్న ఉపన్యాసాల్లో ఒక్కదానిలోనూ ఇంత సూటి ప్రశ్న లేదు. తన పిడికిట్లో ఉన్న మనిషిని వదలనివాడు ఏ జనాన్ని విడిపిస్తాడు? 1956 అక్టోబరులో నాగపూర్‌లో లక్షలాది మందితో కలిసి బౌద్ధం తీసుకున్న అంబేద్కర్, ‘బుద్ధుడు – ఆయన ధమ్మం’ ముందుమాటలోనే ఈ చిక్కు ఎత్తారు: బుద్ధుడు భిక్షువును తయారుచేసింది పరిపూర్ణ మానవుడిగా ఉండడానికా, ప్రజలకు సేవ చెయ్యడానికా? తన పరిపూర్ణత తాను చూసుకుని ఊరుకునే భిక్షువు వల్ల ధమ్మానికి మేలు లేదన్నది ఆయన పక్షం. నాదీ అదే పక్షం. కాకపోతే సేవ చేసే చెయ్యి కూడా శుభ్రంగా ఉండాలంటాను.

2021 జనవరిలో ఫ్యాక్టరీలో పెట్టుబడులన్నీ ఉపసంహరించాలని కేంద్రం నిర్ణయించినప్పుడు కూర్మన్నపాలెంలో శిబిరం వెలిసింది. 1966 నాటి నినాదం మళ్ళీ మోగింది. నేనూ వెళ్ళి కూర్చున్నాను, నా గొంతూ కలిపాను. 2025 జనవరిలో 11,440 కోట్ల ప్యాకేజీ ప్రకటించినప్పుడు కాస్త ఊపిరి తీసుకున్నాం. కానీ ఆ నినాదంలో ‘ఆంధ్రులు’ అన్న ప్రతిసారీ నాకు ఆ గట్టు అవతలి మనిషి గుర్తొచ్చాడు. ఆ హక్కుకు భూమి ఇచ్చినవాడు అతను. ఆ హక్కులో అతని వాటా ఏది?

రిటైరైనవాళ్ళం కలుసుకున్నప్పుడు ఈ మాట ఎత్తుతూనే ఉన్నాను. అది వేరే సమస్య, దాన్ని మనదానితో కలిపితే రెండూ చెడతాయని మంచి మిత్రులే అంటారు. వాళ్ళ భయంలో నిజం లేకపోలేదు, ఫ్యాక్టరీ నిలబడకపోతే ఎవరికీ ఏమీ మిగలదు. అయినా నేను ఒప్పుకోలేదు. ఆ పొలాల లెక్క మా పీఎఫ్ లెక్క కన్నా పాతది. వచ్చే సమావేశంలో నిర్వాసితుల సంగతి మొదటి అంశంగా పెట్టమని కాగితం రాసి కార్యదర్శికి ఇచ్చాను, సంతకం పక్కన నా మిత్రుడి చేత కూడా సంతకం పెట్టించాను.