బి నొక్కి, 4, ఆపైన 2

"బాబాయ్, ఇంకా కౌంటర్ స్ట్రైక్ 1.6 ఏనా? 2003 నాటి ఆట!" అన్నాడు మా అన్నయ్య కొడుకు.

"బి నొక్కి, 4, ఆపైన 2 నొక్కితే ఏకే-47 చేతికొస్తుంది, ఆట డబ్బు 2500 పోతుంది. కళ్లు మూసుకుని చేస్తాన్రా. ఇన్నేళ్లుగా వేళ్లలో ఇంకిన విద్య ఇది. ఆట మార్చినప్పుడల్లా మళ్లీ ఓనమాలు దిద్దాలా?"

"మెరుగుపరుస్తున్నారు కదా?"

"ఎవరికి మెరుగు? 2023 సెప్టెంబర్‌లో వాల్వ్ కంపెనీ కౌంటర్ స్ట్రైక్ గ్లోబల్ అఫెన్సివ్‌ను పక్కకు నెట్టి కౌంటర్ స్ట్రైక్ 2 పెట్టింది. పాతదాన్ని ఒకప్పుడు డబ్బిచ్చి కొన్నవాళ్లున్నారు. మ్యాక్‌లో ఆడేవాళ్లకైతే కొత్తదాంట్లో చోటే లేదు."

"సరే, కానీ నీది నాన్‌స్టీమ్ కాపీ, అంటే వాల్వ్ ఆన్‌లైన్ దుకాణం స్టీమ్‌లో కొననిది. అసలు 1.6 ఇప్పటికీ స్టీమ్‌లో అమ్ముతున్నారు. ఇది దొంగతనం కాదా?"

ఈ ప్రశ్న నన్ను చాలాకాలం పీడించింది.

"తర్వాత కొన్నాను, నా ఖాతాలో ఉంది. కానీ మా హాస్టల్‌లో అప్పుడు నెట్ లేదు. కొనడానికి ఎవరి దగ్గరా కార్డు లేదు. ఒకడి పెన్‌డ్రైవ్‌లోని ఫోల్డర్ ల్యాన్ మీద ఇరవై కంప్యూటర్లకు పాకింది. అనుమతి లేదు, ఒప్పుకుంటాను. కానీ ఈ ఆట పుట్టుక చూడు. 1999లో మిన్ లీ, జెస్ క్లిఫ్ వాల్వ్ వాళ్ల హాఫ్ లైఫ్ ఆట మీద కట్టిన మాడ్, అంటే మార్చిన రూపం, ఇది."

"దానికి వాల్వ్ అనుమతి ఉంది బాబాయ్."

"ఉంది కాబట్టే బతికింది. ఆ చనువే ఆడేవాళ్లకూ ఇమ్మంటాను. డస్ట్2 మ్యాప్ గీసిన డేవ్ జాన్‌స్టన్ కూడా కంపెనీ ఉద్యోగి కాడు. ఆ మ్యాప్‌లో నడిమి తలుపులున్నాయే, రౌండ్ మొదలైన క్షణంలో ఆ సందులోంచి ఎవడో ఒకడు దాటుతాడు. మా గదిలో ఒకడు ఏడబ్ల్యూపీ స్నైపర్ తుపాకీ పట్టుకుని ఆ సందు మీదే కన్నేసి కూర్చునేవాడు. ఊపిరి కూడా బిగబట్టేవాడు. పేలగానే పక్కగదిలోంచి తిట్లు. ఇప్పుడు వాడు డల్లాస్‌లో ఉన్నాడు. శనివారం రాత్రి అదే సర్వర్‌లోకి వస్తాడు, అదే చోట నిలబడతాడు."

"వైరస్‌లు, చీటర్లు?"

"ఉంటారు. తెలిసిన సర్వర్ చూసుకుంటే సరి."

"నువ్వన్నదే నిజమేమోలే," అన్నాడు వాడు, కుర్చీ దగ్గరికి లాక్కుంటూ.

ఆ చనువు ఎందుకు అడుగుతున్నానంటే, ఆన్‌లైన్ ఆటల సర్వర్లను చూపించే గేమ్‌స్పై సేవ 2014లో మూతపడ్డప్పుడు ఎన్నో ఆటల సర్వర్ జాబితాలు మాయమయ్యాయి. బాటిల్‌ఫీల్డ్ 1942ను ఆన్‌లైన్‌లో మళ్లీ నిలబెట్టింది ఆటగాళ్లు రాసుకున్న అనధికార ప్యాచ్‌లే. ఆటలు తయారుచేసేవాళ్లను నేనడిగేది ఒక్కటే: ఒక ఆటను మీరు వదిలేసే రోజున, దాని సర్వర్ ఫైళ్లను ఆడేవాళ్ల చేతికిచ్చి వెళ్లండి.