ఆడకముందే ముగిసిన ఆట

ఒక ఆదివారం పూజ ముగిశాక మా విచారణలోని ఒక అబ్బాయి నా దగ్గరకు వచ్చి నిలబడ్డాడు. తొమ్మిదో తరగతి. ముందురోజే చదరంగం పోటీలో రెండో స్థానం తెచ్చుకున్నాడు, కానీ ముఖంలో ఆ సంతోషం లేదు. "మాస్టారూ, ఆఖరి రౌండు నా స్నేహితుడితోనే పడింది. ఇద్దరికీ చెరో అర పాయింటు వస్తే చాలు, మొదటి ఇద్దరినీ పై పోటీకి పంపుతారు. అందుకని డ్రా చేసుకుందామని ముందే అనుకున్నాం. ఏవో ఇరవై ఎత్తులు వేసి చేతులు కలిపేశాం. ఇది పాపసంకీర్తనంలో చెప్పాలాండీ?" అన్నాడు. నేను నోరు తెరిచేలోపే తనే, "మేం ఎవరి సొమ్మూ దొంగిలించలేదు కదా" అని కూడా అన్నాడు.

ప్రియ పాఠకులారా, చిన్నపిల్లవాడి చాదస్తమని నవ్వి పంపేయవచ్చు. కానీ ఇదే ప్రశ్న ప్రపంచంలోని మహామహా గ్రాండ్‌మాస్టర్లకూ ఎదురైంది. వాళ్ళు చెప్పుకున్న జవాబు కూడా ఇంచుమించు ఇదే.

1962లో కరేబియన్ సముద్రంలోని కురసావ్ దీవిలో ఎనిమిదిమంది ఆటగాళ్ళు కలిశారు. అందులో గెలిచినవాడు ప్రపంచ విజేత బోత్వినిక్‌తో తలపడతాడు. ఒక్కొక్కరూ మిగిలిన ప్రతివారితోనూ నాలుగేసి ఆటలు ఆడాలి. రెండు నెలల పోటీ, పైగా ఎండ. సోవియట్ ఆటగాళ్ళలో పెట్రోసియన్, కెరెస్, గెల్లర్ అనే ముగ్గురు తమలో తాము ఆడుకున్న పన్నెండు ఆటలూ డ్రా అయ్యాయి. సగటున 19 ఎత్తులకే ముగిశాయి. ఆ ఏడాదే పందొమ్మిదేళ్ళ అమెరికా యువకుడు బాబీ ఫిషర్ ఇది కుమ్మక్కు అని పత్రికకెక్కాడు. ఏళ్ళు గడిచాక, ఆ జట్టుకు పెద్దగా వెళ్ళిన అవెర్బాఖ్ కూడా ముగ్గురి మధ్య ఒప్పందం ఉన్నమాట నిజమేనన్నాడు. బలం మిగుల్చుకోవడానికట.

నిజానికి డ్రా తప్పు కాదు. బల్లమీద పోరాడి, ఇద్దరిలో ఎవరికీ దారి లేదని తోచినప్పుడు చెయ్యి చాపడం మర్యాదే. కాని ఇక్కడ చెయ్యి చాపింది బల్ల దగ్గర కాదు, బసలో. బల్లమీద జరిగింది ఆటలా కనిపించే మరేదో.

"దానివల్ల ఎవరికి నష్టం?" అంటారు. ఫిషర్ ఏడు ఆటలు ఓడి, 14 పాయింట్లతో మూడున్నర పాయింట్లు వెనకపడ్డాడు. ఒప్పందం లేకపోయినా అతను గెలిచేవాడు కాదన్న మాట సబబే. కానీ నష్టాన్ని ఫలితంతోనే కొలిస్తే ఎలా? ఆ ముగ్గురికీ ఒక్కొక్కరికి ఎనిమిది ఆటలు విశ్రాంతి రోజుల్లా గడిచాయి. మిగిలినవాళ్ళకు ఆ విశ్రాంతి ఎవరిచ్చారు? ఇదేమీ ఎరగక టికెట్టు కొని వచ్చి కూర్చున్న ప్రేక్షకుడి మాటేమిటి?

నన్ను ఎక్కువగా కలవరపెట్టేది పాల్ కెరెస్ కథ. ఎస్టోనియా దేశస్థుడు, పెద్దమనిషి అని పేరు. అప్పటికి నలభై ఆరేళ్ళు. 1953, 1956, 1959లలో ఇదే మెట్టు దగ్గర రెండో స్థానంలో ఆగిపోయినవాడు. కురసావ్‌లో ముందు ఆడిన మూడు ఆటల్లోనూ తాను ఓడించిన బెంకో చేతిలో, సరిగ్గా ఆఖరి రౌండుకు ముందు ఓడిపోయాడు. చివరికి పెట్రోసియన్‌కు పదిహేడున్నర, కెరెస్‌కు పదిహేడు. అర పాయింటు! పెట్రోసియన్‌తో నాలుగు ఆటలుండగా ఒక్కదానిలోనైనా నిజంగా పోరాడి ఉంటే? ఓడి ఉండవచ్చు కూడా, ఎవరు చెప్పగలరు? కానీ ఆ అవకాశాన్ని అతని చేతిలోంచి ఎవరూ లాక్కోలేదు, తానే ఇచ్చేశాడు. మరుసటి ఏడు పెట్రోసియన్ ప్రపంచ విజేత అయ్యాడు. 1975లో వాంకూవర్ పోటీ గెలిచి ఇంటికి తిరిగివస్తూ, దారిలో హెల్సింకీలో కెరెస్ మరణించాడు. తర్వాతికాలంలో అతని దేశం అతని బొమ్మను ఐదు క్రూన్ల నోటుమీద అచ్చువేసింది. ఆ ఒక్క ఒప్పందాన్ని బట్టి అతణ్ణి చెడ్డవాడనడానికి నాకు మనసొప్పదు. మంచివాళ్ళే ఇలాంటివాటికి తొందరగా ఒప్పుకుంటారేమో, పక్కవాడిని కాదనలేక.

ఈ గొడవ తర్వాత అర్హత పోటీని ఇద్దరిద్దరి మధ్య పందేలుగా మార్చారు. అయినా జబ్బు పోలేదు. 2023 డిసెంబరులో సమర్‌కండ్‌లో జరిగిన ప్రపంచ బ్లిట్జ్ పోటీలో నెపోమ్నియాషి, దూబోవ్ అనే ఇద్దరు గ్రాండ్‌మాస్టర్లు గుర్రాలను అటూ ఇటూ తిప్పి డ్రా అన్నారు. ఆర్బిటర్ ఇద్దరికీ సున్నా వేశాడు. ఆ పోటీలో కార్ల్‌సన్ 16 పాయింట్లతో మొదటివాడు, దూబోవ్ పదిహేనున్నరతో రెండోవాడు. మళ్ళీ అదే అర పాయింటు! మరుసటి ఏడు న్యూయార్క్‌లో కార్ల్‌సన్, నెపోమ్నియాషి వరసగా డ్రాలయ్యాక బిరుదు ఇద్దరికీ పంచమని అడిగి పంచుకున్నారు. అది నాకు నచ్చలేదు. అయినా అధికారుల ముందు బాహాటంగా అడిగారు, ఆడినట్టు నటించలేదు. ఈ తేడా చిన్నది కాదు.

గుడివాడ బిడ్డ కోనేరు హంపి 2002లో పదిహేనేళ్ళకే గ్రాండ్‌మాస్టర్ అయినప్పటినుంచి మన ఇళ్ళలో కూడా ఈ ఆటమీద ఆశ పెరిగింది. మంచిదే. కాని పోటీనుంచి వచ్చిన పిల్లవాణ్ణి గుమ్మంలోనే "ఎన్ని పాయింట్లురా?" అని అడుగుతాం. ఎలా వచ్చాయని అడిగేవారు తక్కువ. ఆ తక్కువమందిలో నేనూ లేను. నేనూ ఆ అబ్బాయి భుజం తట్టి స్థానం ఎంతని అడిగాకే అతను నోరు విప్పాడు.

అతనికి నేను పాపమనీ చెప్పలేదు, కాదనీ చెప్పలేదు. అది గురువులతో చెప్పుకోవలసిన సంగతి. "మూడోస్థానం ఎవరికి వచ్చింది?" అని మాత్రం అడిగాను.

తలవంచుకున్నాడు. ఆ అబ్బాయిది పక్క ఊరట. తన ఆఖరి ఆట త్వరగా గెలిచి వచ్చి, వీళ్ళ బల్ల పక్కనే నిలబడ్డాడట. వీళ్ళిద్దరిలో ఎవరు ఓడినా అతను రెండోస్థానంలో సమానమయ్యేవాడు.

"మేం చేతులు కలిపేదాకా కదలకుండా చూస్తూనే ఉన్నాడండీ" అన్నాడు. కాసేపాగి, "వాళ్ళ ఊరికి బస్సు ఎన్నింటికుంటుంది మాస్టారూ?" అని అడిగాడు.