వాక్యములో కర్త ఎక్కడ?



బడిలో మేము పిల్లలకు కర్తరి, కర్మణి ప్రయోగములు నేర్పేవారము. కర్మణి వాక్యములో కర్తను చెప్పకపోయినా వాక్యము నిలుస్తుందని చెప్పేవారము. ఆ పాఠము ఎంత బరువైనదో పెద్దల వరుసలో కూర్చున్న తరువాతనే మాకు తెలిసింది.

అత్యాచారమునకు గురియైన ఆడపిల్లను గూర్చి మనము ఏమంటాము? "చెడిపోయింది", "మానము పోయింది", "చెరచబడింది" అంటాము. ఈ మాటలన్నిటిలో ఆమె ఉన్నది, చేసినవాడు లేడు. ఆమె కూడ "అలా జరిగిపోయింది" అనే మొదలుపెడుతుంది. మన దగ్గర నేర్చుకొన్న మాటలే గదా ఆమెకున్నవి!

ఒకసారి ఒక అమ్మాయి మా ఎదుట తన సంగతి చెప్పుకొన్నది. ముందుది వెనుక, వెనుకది ముందు చెప్పి, సగములో ఆగింది. "అప్పుడే ఎందుకు చెప్పలేదు? కేకలు ఎందుకు వేయలేదు?" అని అడిగాము. ఆమె మరల నోరు విప్పలేదు. ఆ తప్పు మాది.

న్యాయస్థానములు కూడ అలాగే అడిగినవి. 1972లో మహారాష్ట్రలో, పోలీసు ఠాణాలో తనపై అత్యాచారము జరిగిందని ఒక ఆదివాసి బాలిక చెప్పింది. మథుర కేసు అని పేరుపడినది ఇదే. ఒంటిపై గాయములు లేవు గనుక ఆమె ఎదిరించలేదని, సుప్రీంకోర్టు 1978లో ఇద్దరు పోలీసులను నిర్దోషులుగా విడిచిపెట్టింది. లొంగిపోవుట వేరు, సమ్మతించుట వేరు అని 1979లో నలుగురు న్యాయశాస్త్ర అధ్యాపకులు బహిరంగ లేఖ వ్రాశారు. 1983లో చట్టము మారింది. ఎదిరించనంత మాత్రాన సమ్మతి కాదని 2013లో చట్టములోనే మరింత స్పష్టముగా వ్రాశారు. రెండు మాటలను వేరుచేసి చూచుటకు అన్ని ఏండ్లు పట్టింది!

మన పిల్లల కష్టము మరొకటి. ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీయో కన్నడమో తమిళమో ఒడియానో. శరీరభాగముల పేర్లు చెప్పుట సిగ్గని ఇంట్లో మానుకొన్నాము. ఆపద వచ్చిననాడు వారికి ఏ భాషలోను మాట దొరకదు. 2012 నాటి పోక్సో చట్టము, పిల్లలు చెప్పినది చెప్పినట్లే వ్రాయవలెనని, భాష తెలియనిచోట దుభాషిని పెట్టవలెనని చెప్పుచున్నది. తెలిసియు పోలీసులకు తెలియజేయకుండుట నేరమనియు చెప్పుచున్నది. సంఘము పరువు అనేది అక్కడ సాకు కాదు.

"అబద్ధము చెబితేనో?" అని కొందరు అడుగుతారు. నిజానిజములు తేల్చుటకు పోలీసులు, కోర్టులు ఉన్నవి. మన పని వినుట. "బాధితురాలిని" అని ఆమె అంటే అలాగే విందాము, "బ్రతికి బయటపడ్డాను" అంటే అలాగే విందాము. ఆమె మాటలపై మన ఎర్రసిరా వద్దు.

దిద్దవలసినది మన వాక్యమును. "ఆమె చెడిపోయింది" అనుట మానుదాము. "వాడు చేశాడు" అందాము.