పలుగురాయి అని చెప్పాలా?

జూన్‌లో వజ్రకరూరు పోయినప్పుడు ఒక అవ్వ నా చేతిలో ఒక రాయి పెట్టింది. ముందురోజు రాత్రి గట్టిగానే వాన పడింది. పొద్దున్నే చేలల్లో జనం. ఆదోని వైపు నుంచి, బళ్లారి వైపు నుంచి కూడా వచ్చినట్టున్నారు. చెట్ల కింద సద్దిమూటలు, నీళ్ల డబ్బాలు, దుప్పట్లు. ఎవరూ పెద్దగా మాట్లాడుకోవడం లేదు. అందరూ తలలు వంచుకుని, ఎండ వెనకనుంచి పడేట్టు చూసుకుని, మెల్లగా అడుగులేస్తా ఉన్నారు. వాన మట్టిని కడిగాక మెరిసేది పైకి తేలుతుందని నమ్మకం.

"నాయనా, నా కండ్లు సరిగా కనపడవు. కొంచెం సూసి సెప్పు, ఇదేనా?" అంది అవ్వ.

చింతగింజంత రాయి. తెల్లగా, ఒక పక్క అద్దంలా ఉంది. నేను భూగర్భ శాస్త్రం చదవలేదు. అయినా అది పలుగురాయి అని చెప్పడానికి చదువక్కర్లేదు, ఆ చేలో అలాంటివి గంపలకొద్దీ ఏరుకోవచ్చు. ఆ క్షణంలో నోరు పెగల్లేదు. చెప్పాలా వద్దా అన్న ఆ తటపటాయింపు తర్వాత చాలారోజులు నన్ను వదల్లేదు. దాని గురించే ఈ వ్యాసం.

ముందు అక్కడ వెతకడం గురించి. బయటి నుంచి చూసేవాళ్లకి ఇది మూఢనమ్మకంలా కనిపిస్తుంది. కాదు. వజ్రకరూరు కింద కింబర్లైట్ పైపులున్నాయి. సుమారు 110 కోట్ల ఏళ్ల క్రితం భూమి లోపల 150 కిలోమీటర్లకు పైగా లోతునుంచి ఎగదన్నుకొచ్చిన శిలాద్రవం గట్టిపడిన గొట్టాలవి. వజ్రాలు దాంతోపాటే పైకొచ్చాయి. పైరాయి అరిగి, మట్టై, వానకి కొట్టుకుపోతూ ఉంటే వజ్రం మాత్రం అరక్కుండా మిగిలిపోతుంది. భారత భూగర్భ సర్వే సంస్థ ఊళ్లో ఒక మ్యూజియం కూడా పెట్టింది. కానీ చేలో ఉన్నవాళ్లని అడగండి, కథ వేరే. అది కృష్ణదేవరాయల కథ. హంపీ వీధుల్లో రతనాలు రాశులు పోసి అమ్మిన కాలం, రాజ్యం కూలినప్పుడు మూటలు మూటలుగా ఈ దారిన తరలించిన కాలం, ఆ తొందరలో జారి మట్టిలో పడ్డవే ఇప్పుడు దొరుకుతున్నవి.

ఈ కథ పూర్తిగా గాల్లోంచి పుట్టిందీ కాదు. 1530లలో విజయనగరంలో ఉన్న నూనిజ్ అనే పోర్చుగీసు గుర్రాల వ్యాపారి, వజ్రాల గనులు చూసుకునే అధికారి ఒక తూకం దాటిన ప్రతి రాయినీ రాజుగారి ఖజానాకి అప్పజెప్పాలని రాశాడు. 1565లో రాక్షసతంగడి యుద్ధం పోయాక తిరుమలరాయలు ధనాన్ని ఏనుగుల మీద వేసుకుని పెనుకొండకి తరలిపోయాడని చరిత్ర పుస్తకాలే చెప్తాయి. అంటే కథకి కారణం తప్పు, చోటు మాత్రం ఒప్పు. రాయలవారికంటే వజ్రాలు వంద కోట్ల ఏళ్లు పెద్దవి, అంతే తేడా.

మా మేనమామకి ఒకసారి దొరికింది. నేను స్కూల్లో ఉన్నప్పటి మాట. వేరుశనగ చేలో కలుపు తీస్తుంటే చేతికి తగిలిందట. మూడోరోజు రాత్రి ఒకాయన మోటార్‌సైకిల్ మీద వచ్చాడు. రాయిని లాంతరు వెలుగులో అటూఇటూ తిప్పి చూసి, కొంచెం మొహం చిట్లించి, నోట్లు లెక్కపెట్టాడు. అప్పు తీరింది, ఒక జత ఎద్దులొచ్చాయి. ఆ రాయి ఎక్కడో పదింతలకో ఇరవై ఇంతలకో పోయిందని తర్వాత ఊళ్లో అనుకున్నారు. నిజమో కాదో ఎవరికీ తెలీదు. కాలేజీకొచ్చాక నేను మండిపడ్డాను, "నిన్ను మోసం చేశాడు మామా" అని. మామ నవ్వాడు. "వానికి తెలుసు, నాకు తెలీదు. తెలిసినోనికి కూలి ఉండదా ఏంది? వాడు రాకుంటే అది నా పిల్లోల్లు ఆడుకునే రాయి."

దీనికి జవాబు చెప్పడం అనుకున్నంత సులువు కాదు. రెండువేల ఏళ్ల కిందట రోమన్ రచయిత సిసెరో ఇలాంటి చిక్కునే ఎత్తుకున్నాడు. రోడ్స్ దీవిలో కరువు. అలెగ్జాండ్రియా నుంచి ఒక వర్తకుడు ధాన్యం ఓడతో వచ్చాడు. వెనకాలే ఇంకా చాలా ఓడలు వస్తున్నాయని అతనికి తెలుసు, ఊరివాళ్లకి తెలీదు. చెప్పేస్తే ధర పడిపోతుంది. చెప్పాలా? అక్కర్లేదు, దాచడం వేరు, ఊరికే చెప్పకపోవడం వేరు అని డయోజనీస్ అనే తత్వవేత్త. చెప్పి తీరాలి అని అతని శిష్యుడు ఆంటిపేటర్. సిసెరో శిష్యుడి పక్షం. నేనూ అంతే. ఆ రాత్రి మొహం చిట్లించాడే, అక్కడ మామ చెప్పిన కూలి లెక్క తెగిపోతుంది. తెలిసినందుకు కూలి తీసుకోవచ్చు, తెలియనట్టు నటించినందుకు కాదు.

పురావస్తు శాస్త్రం చరిత్రలో ఇలాంటి బేరాలు బోలెడు. నాకు మరీ ఇష్టమైంది కోపాన్‌ది. అమెరికన్ యాత్రికుడు జాన్ లాయిడ్ స్టీఫెన్స్, బొమ్మలు గీసే కాథర్‌వుడ్‌తో కలిసి 1839లో మధ్య అమెరికా అడవుల్లోకి పోయాడు. హోండురాస్‌లో కోపాన్ దగ్గర చెట్ల వేళ్లు చుట్టుకుని నిలబడ్డ మాయా రాజుల శిలలు చూసి, ఆ స్థలం మొత్తాన్ని 50 డాలర్లకి బేరం చేసుకున్నాడు. ఆ మాత్రం కూడా పెట్టి బండలు కొంటున్నందుకు ఆ భూమి చూసుకునే పెద్దమనిషి తనని వట్టి పిచ్చివాడి కింద జమకట్టాడని స్టీఫెన్సే రాసుకున్నాడు. మా మామా, ఆ రాత్రి వచ్చినాయనా గుర్తొస్తారు నాకు. అయితే ఇదే స్టీఫెన్స్ ఇంకో పని కూడా చేశాడు. ఈ నగరాలు ఈజిప్టువాళ్లు కట్టారనీ, ఎక్కడినుంచో వచ్చిన తెల్లవాళ్లు కట్టారనీ కథలు నడుస్తున్న రోజుల్లో, కాదు, ఇక్కడ మొక్కజొన్న పండించుకుంటున్న ఈ జనం తాతముత్తాతలే కట్టారని 1841లో అచ్చేశాడు. బేరంలో తీసుకున్నదానికంటే తిరిగి ఇచ్చింది పెద్దది అనిపిస్తుంది నాకు, కొన్నిరోజులు. కొన్నిరోజులు అనిపించదు.

సరే, వర్తకుడి సంగతి తేలింది. కానీ అవ్వ దగ్గర నా సంగతి అది కాదు కదా. నేను నోరు మూసుకుంటే నాకు పైసా రాదు. నేను చెప్తే ఆమెకి పోయేది డబ్బు కాదు, ఆ పూట ఆశ. సిసెరో లెక్కలో ఈ కేసు లేదు.

దీనికి దగ్గర్లో ఉన్నది నాకు బూడిద దిబ్బల దగ్గర దొరికింది. బళ్లారి, అనంతపురం, పాలమూరు ప్రాంతాల్లో చేల మధ్య కొన్ని మెట్టలుంటాయి. మామూలు మట్టి కాదు, బూడిద. కొన్నిచోట్ల ఆ బూడిద కరిగి గాజుకిట్టంలా గడ్డకట్టి ఉంటుంది. హంపీ అవతల నింబాపురం దగ్గర ఉన్నది వాలిని దహనం చేసిన చోటని చెప్తారు. కిష్కింధ అంటే హంపీయే కాబట్టి వాలి బూడిద అక్కడే ఉండాలి. కుడితిని దగ్గరి దిబ్బ ఒక రాక్షసుడిదట. అంత పెద్ద శరీరం కాలితేనే గదా అంత పెద్ద దిబ్బ! ఇంగ్లీషువాళ్లు వచ్చాక అగ్నిపర్వతమన్నారు, ఇనుము కరిగించిన కొలిమి అన్నారు, విజయనగర కాలపు సామూహిక దహనాలని కూడా అన్నారు. భూగర్భ సర్వేలో పనిచేసిన రాబర్ట్ బ్రూస్ ఫుట్ మాత్రం ఇది కొత్తరాతియుగపు పశువుల పేడ అని పట్టుకున్నాడు. చాలామంది ఒప్పుకోలేదు. 1957లో రేమండ్ ఆల్చిన్ పాత మహబూబ్‌నగర్ జిల్లా ఉట్నూరులో (ఆదిలాబాద్ ఉట్నూరు కాదు) తవ్వితే పొరల్లో గుంజలు పాతిన గుంతలు వరసగా గుండ్రంగా బయటపడ్డాయి, వాటి లోపల ఆవుల గిట్టల అచ్చులతో సహా. నాలుగువేల ఏళ్లకు పైబడిన పశువుల దొడ్డి అది. పేడ గుట్టలై, దాన్ని తగలబెట్టి, మళ్లీ దొడ్డి కట్టి, మళ్లీ తగలబెట్టి. మా జిల్లాలోనే కళ్యాణదుర్గం వైపు పాలవాయిలో రామిరెడ్డిగారు తవ్వినదీ ఇలాంటిదే.

ఒకసారి నాన్నని హంపీ తీసుకుపోయినప్పుడు నింబాపురం దాకా పోయాం. నాన్న చెప్పులు విప్పి, వంగి, ఇంత బూడిద వేలికి అద్దుకుని నుదుటికి పెట్టుకున్నాడు. పుస్తకాలు చదివిన పొగరు ఊరుకోదు కదా. "నాన్నా, అది వాలిది కాదు. పేడ బూడిద" అన్నాను.

నాన్న నా వైపు చూసి, "విభూతి దేంతో చేస్తార్రా?" అన్నాడు.

అది గెలవడానికి వేసిన మాట కాదు, నిజంగా అడిగాడు. నేనేం చెప్పను? ఇంకా విచిత్రం ఏంటంటే, ఆ పేడని అన్నిసార్లు ఎందుకు తగలబెట్టారో చెప్పాల్సొచ్చినప్పుడు ఆల్చిన్ చూపించింది కూడా పండగలనే. హోళీ మంటలు, సంక్రాంతికి పశువుల్ని మంట మీదుగా తోలడం, ఇవన్నీ ఆ పాత మంటల జ్ఞాపకాలే అయి ఉండొచ్చన్నాడు. అందరూ ఒప్పుకున్న మాట కాదిది, కానీ కొట్టిపారేసిన మాటా కాదు. అంటే తవ్వినాయన కథనుంచి వాలిని తీసేశాడు, మంటకున్న పవిత్రతని తీసేయలేకపోయాడు. నాన్న చేతికంటిన బూడిద నా వాక్యానికి ముందెంత నిజమో తర్వాతా అంతే నిజం. నా సమాచారం వల్ల ఆయన కోల్పోయింది ఏమీ లేదు. తర్వాత నాకు తట్టిందేమిటంటే, సమాచారం ఇవ్వడానికి కాదు, గెలవడానికి నోరు తెరిచింది నేను.

ఇక్కడ ఆగిపోతే బావుండేది. కథలు నిరపాయం, వాటి జోలికి పోకండి అని ముగించి ఇంటికి పోవచ్చు. కానీ నేను అనంతపురం వాణ్ని. ఆ ఏనుగుల మూటల కథే మా వైపు గుళ్లని తవ్విస్తోంది. పాడుబడ్డ శివాలయం ఉంటే చాలు, రాత్రికి రాత్రి లింగాన్ని పెకలిస్తారు, నంది కడుపులో మణులున్నాయని పగలగొడతారు. మా ఊరికి దగ్గర్లో ఒక గుట్ట మీది నందికి ఇప్పుడు తల లేదు. ధ్వజస్తంభం కింద మనిషి లోతు గొయ్యి, పక్కన నిమ్మకాయలు, కుంకుమ. 1878 నాటి నిక్షేపాల చట్టం ప్రకారం మట్టిలో 10 రూపాయల విలువ దాటింది ఏది దొరికినా కలెక్టరుకి చెప్పాలి. దాన్ని చదువుకుని గునపం పట్టేవాడు ఎవడూ ఉండడు. ఇక్కడ మాత్రం "అక్కడ ఏమీ లేదురా నాయనా" అని గొంతు చించుకుని చెప్పాల్సిందే. అందరికీ కలిపి ఒక రాతిబొమ్మే ఉంది, అది పోతే మళ్లీ రాదు.

అట్లని తెలిసినవాళ్ల గొంతుని పూర్తిగా నమ్మడమూ నాకు చేతకాదు. 1562లో యుకటాన్‌లో మనీ అనే ఊళ్లో డియేగో దె లాండా అనే క్రైస్తవ సన్యాసి మాయాల పుస్తకాల్ని పోగేసి కాల్పించాడు. అవన్నీ అబద్ధాలని, సైతాను మాటలని అతని దృఢమైన నమ్మకం. మాయా పుస్తకాలు ఇప్పుడు ప్రపంచం మొత్తమ్మీద చేతివేళ్లకి సరిపోయేన్ని మిగిలాయి. తర్వాత అతనే వాళ్ల లిపి గురించి రాసుకున్న కొన్ని పేజీలు పట్టుకుని, 1952లో సోవియట్ పండితుడు యూరీ క్నోరొజోవ్ ఆ అక్షరాల గుట్టు విప్పడం మొదలుపెట్టాడు. కాల్చిందీ తాళంచెవి ఇచ్చిందీ ఒకే చెయ్యి. లాండాకీ, నింబాపురంలో నాకూ మధ్య దూరం చాలా ఉందనే నమ్ముతాను. కానీ దారి ఒకటే అని అప్పుడప్పుడు భయం వేస్తుంది.

మా మామకి ఇదంతా ఒకసారి చెప్పాను, లాండాని తప్ప. మాయాల దేశంలో కూడా కరువులొచ్చాయని, చిచంకనాబ్ అనే చెరువు అడుగు బురద తీసి చూస్తే తొమ్మిదో శతాబ్దం చుట్టుపక్కల దీర్ఘమైన అనావృష్టి ఉన్నట్టు తేలిందని, దక్షిణాదిలో పెద్ద పెద్ద నగరాలు ఆ కాలంలోనే ఖాళీ అయ్యాయని. మామకి నగరాలు పట్టలేదు. "జనం యాడికి పోయినారు?" అన్నాడు. ఎక్కడికీ పోలేదు, ఇప్పటికీ లక్షల మంది అక్కడే ఉన్నారు, అవే భాషలు మాట్లాడతా మొక్కజొన్నే పండిస్తా ఉన్నారని చెప్తే తృప్తిగా తలాడించాడు. "మరింకేం. కరువంటే బెంగళూరికి పోయి సెంట్రింగ్ పని చేసి, వాన పడితే తిరిగొచ్చేదే."

వాన పడితే తిరిగొచ్చి, విత్తనం వేసేముందు ఒక వారం వజ్రాలకి వెతికేదే. ఆ వారం కూడా ఊరికే పోదు, కూలి పోతుంది. అవ్వ వెంట కోడలు, పదేళ్ల మనవడు ఉన్నారు. ముగ్గురి కూలి. ఆశ పోగొట్టడం అని నేను అంటున్నదానికి ఇంకో పేరు ఉందన్నమాట, లెక్క చెప్పడం. నాన్న బూడిదకి ఖర్చు లేదు. దీనికి ఉంది. మరి నంది తల లాంటి నష్టమా అంటే అదీ కాదు, ఎవరి వస్తువూ పగలడం లేదు. పోయేది వాళ్ల రోజులు, పోగొట్టుకోవాలా వద్దా అన్నదీ వాళ్లే తేల్చుకోవాలి. కానీ తేల్చుకోవాలంటే చేతిలో ఉన్నదేంటో తెలియాలి. అందుకని చెప్పాను.

"అవ్వా, ఇది పలుగురాయి."

అవ్వ నా మొహంలోకి చూసింది. "నువ్వు రాళ్లు కొనేటోనివా?"

"కాదవ్వా."

"మరి నీకెట్ల తెలుసు?" అని రాయి తీసుకుని కొంగున ముడేసుకుంది. కొనేవాడైతే ధర తగ్గించడానికి అబద్ధం చెప్తున్నాననుకునేది. కాదు కాబట్టి ఏమీ తెలీదనుకుంది. ఎటు చూసినా నా మాటకి విలువ లేదు, అందులో ఆమె తప్పు నాకేమీ కనపడలేదు.

మనవడు మాత్రం దగ్గరికొచ్చి, "అన్నా, వజ్రమైతే యెట్ల తెలుస్తాది?" అన్నాడు. ఎక్కడో చదివింది చెప్పాను. నోటితో ఆవిరి పట్టించు, పలుగురాయి అయితే కాసేపు మసగ్గా ఉంటుంది, వజ్రమైతే ఆ మసక వెంటనే పోతుంది అని. వాడు వెంటనే నేలమీంచి ఒకటి తీసి, హా అని ఊది, చూసి, పారేశాడు. ఇంకోటి తీశాడు. ఊదాడు, పారేశాడు. వాడు చాలు పొడుగునా అట్లా పోతా ఉంటే, వెనకాల అవ్వ వాడు పారేసినవాటిలో ఒకటి రెండు వంగి ఏరుకుంటా ఉంది.