గొయ్యి తటాకమగుట

ప్రాతఃకాలమున పాదము నేలపై మోపుటకు ముందే భూదేవిని క్షమింపుమని వేడుకొనుట వైష్ణవ గృహములలోని ఆచారము. పాదస్పర్శకే క్షమాపణ కోరవలసిన తల్లిని యంత్రములతో పాతాళము దాక త్రవ్వవచ్చునా యను శంక సహృదయులకు కలుగక మానదు.

త్రవ్వుట యెల్ల పాపమే యనరాదు. వాపీకూపతటాకములను త్రవ్వించుట పూర్తధర్మమని పెద్దలు చెప్పిరి. జనార్దనస్వామి వెలసిన ధవళేశ్వరమున, కొండరాతిని పగులగొట్టి 1847 మొదలు 1852 వరకు ఆర్థర్ కాటన్ ఆనకట్ట కట్టించెను. కొండకు గాయమైనది, ఉభయ గోదావరి మండలములకు అన్నము లభించినది.

అదే గోదావరికి ఎగువన నేలలో బొగ్గు కలదు. 1871లో డాక్టర్ కింగ్ ఇల్లెందు ప్రాంతమున దానిని కనుగొనెను. 1889 నుండి తవ్వకము సాగుచున్నది. భద్రాద్రికి ఎగువన మణుగూరున, ఇంకను పైన రామగుండమున ఉపరితల గనులు నేలను చీల్చినవి. ఆ బొగ్గుతో వెలిగిన దీపము క్రింద భాగవతము చదువుకొనువాడు ఆ గోతితో తనకు సంబంధము లేదనజాలడు. ఫలము ననుభవించిన వానికి ఋణమును ఉండును.

ఆ ఋణము తీరు టెట్లు? మట్టిదిబ్బలపై సింగరేణి సంస్థ చెట్లు పెంచుచున్నది; అది మంచి పని. మరి గోతుల మాట యేమి? జర్మనీ దేశమున లిగ్నైట్ గోతులను నీటితో నింపి సరస్సులుగా మార్చిరి. వానిలో సెన్‌ఫ్టెన్‌బర్గ్ సరస్సు 1973లో ప్రజలకు తెరువబడినది. కాని గనిమట్టిలోని గంధకము వలన పలు సరస్సుల నీరు ఆమ్లమై, సున్నము కలిపి శుద్ధి చేయవలసివచ్చినది. 2009లో ఆ దేశమందే నాఖ్టర్‌ష్టెట్ గ్రామమున అట్టి సరస్సు గట్టు కూలి ముగ్గురు మరణించిరి. కావున నీరు నిండినంత మాత్రమున గొయ్యి తటాకము కాదు.

మరి యెప్పుడగును? మత్స్యపురాణమున తటాకప్రతిష్ఠావిధి కలదు. త్రవ్వించినవాడు ఆ జలము తనది కాదని, సర్వప్రాణులదని విడిచిపెట్టుటయే ఉత్సర్గము. అదియే ఆ కర్మకు ప్రాణము. గట్టు నిలిచి, నీరు శుద్ధమై, గనికొరకు ఊరు విడిచినవారికి మొదటి హక్కు దక్కి, పశుపక్ష్యాదుల దాహము తీరిననాడు గొయ్యి తటాకమగును.

అయితే ఒక హెచ్చరిక. నామబలమును నమ్ముకొని పాపము చేయుట నామాపరాధములలో నొకటి. పిదప చెరువు చేయుదుము గదా యని నేడు అవసరమునకు మించి త్రవ్వుటయు అట్టిదే. ప్రాయశ్చిత్తము చేసిన తప్పునకే గాని, చేయబోవు తప్పునకు అనుమతి కాదు.

వరాహమూర్తి భూదేవిని జలమునుండి పైకెత్తి స్వస్థానమున నిలిపెను. తనకై యేమియు పుచ్చుకొనలేదు. ఆ స్వామిని కొలుచువారు, పుచ్చుకొన్నదానికి బదులుగా నిర్మలజలమునైనను ఆ తల్లి ఒడిలో నుంచవలదా?