గృహమే అనుభవమంటపము

శ్రీ గురు బసవలింగాయ నమః



2020 మార్చి 25వ తేదీన దేశమంతటను లాక్‌డౌన్ ఆరంభమయ్యెను. అంగళ్లు మూతపడినవి, బస్సులు నిలిచినవి. శ్రీశైల మల్లికార్జునుని సన్నిధికి సైతము భక్తులకు ప్రవేశము లేకపోయెను. ఆ యేడు ఏప్రిల్ 26న వచ్చిన బసవ జయంతి ఊరేగింపులు లేక ఇండ్లలోనే గడచినది. నలుగురు కూడు చోటు లేనప్పుడు భక్తి యెట్లు నిలుచునని పలువురు కలతచెందిరి.

పన్నెండవ శతాబ్దమునందే బసవేశ్వరుడు దీనికి మార్గము చూపియున్నాడు. ఇష్టలింగము అరచేత నుండగా గుడి తలుపులు మూసినంతమాత్రమున పూజకు లోపమేమి? దేహమే దేవాలయమైన వానికి తాళము అడ్డు కాజాలదు. తెల్లవారినది మొదలు పనులకు పరుగులిడుచు నొసట విభూతి రేఖలతోనే పూజ ముగించు గృహస్థులు, ఆ దినములలో బిడ్డలను చెంత కూర్చుండబెట్టుకొని లింగార్చన సల్పిరి. దీక్ష పొందియు లింగమును పెట్టెలో దాచిన యువకులు కొందరు మరల మెడ ధరించిరి.

మరి కాయకము మాట యేమి? మగ్గము నిలిచినది, కూలి దొరకలేదు. పొట్ట చేతబట్టుకొని పట్టణములకు పోయినవారు నెత్తిన మూటలతో కాలినడకన ఊళ్లకు మరలిరి. పని నిలిచిపోవుట వారి దోషము కాదు. పరీక్ష వచ్చినది ఇంట గింజలున్నవారికి.

అయిదక్కి మారయ్య కథ శరణులెరిగినదే. రాలిన బియ్యమేరి తెచ్చుట ఆయన కాయకము. ఒకనాడు ఆయన నిత్యము తెచ్చు దానికంటె అధికముగా తెచ్చెను. భార్య లక్కమ్మ సంతోషింపలేదు. మనకు చాలినది చాలును, మిగిలినది తెచ్చినచోటనే విడిచి రమ్మని పంపెను. ఆయన మారు పలుకక మరలెను. లాక్‌డౌన్‌లో కొందరు ఆరు నెలల సరకు ఇంట చేర్చిరి. కొందరు ఉన్నదానిలోనే పొరుగువానికి పాలు పెట్టిరి. రెండవది దాసోహము. మొదటిదానికి మన ధర్మమున పేరు లేదు.

ఆ కథలో వేరొక పాఠము కలదు. భార్య దిద్దగా భర్త వినెను. అనుభవమంటపమున స్త్రీలు పురుషులతో సమముగా కూర్చుండిరి. ఇంట చిక్కుపడిన పురుషులు పొయ్యి కడ జరుగు చాకిరిని ఆనాడే కన్నులార చూచిరి. అదియు కాయకమేనని గ్రహించి చీపురు పట్టినవాడు ధన్యుడు. ఇల్లాలి మాట చెవినబెట్టు ఇల్లే అనుభవమంటపము.

ఇక మిక్కిలి బాధాకరమైన మాట. ఆనాటి నిబంధనచే అంత్యక్రియలకు 20 మందికి మించి కూడరాదు. వ్యాధిచే గతించిన వారిని తాకుటకును వీలులేకపోయెను. జంగమయ్య రాలేదు, విధి సాగలేదు, తండ్రికి లింగైక్యము కలిగినదో లేదోయని నేటికిని కుములు బిడ్డలు కలరు. వారు ఊరడిల్లవలయును. షట్స్థలములలో ఐక్యము కడపటిది. దానికి నడక భక్తస్థలముననే మొదలగును. అది సమాధి గుంట కడ ఆరంభమగునది కాదు. జీవితకాలమెల్ల లింగమును నమ్మి, వచ్చినవానికి అన్నము పెట్టిన వానిని శివుడు, వెంట నడచినవారి తలలు లెక్కించి చేర్చుకొనడు.

నేడు తలుపులు తెరచుకొన్నవి, జాతరలు సాగుచున్నవి. ఆనాడు మెడకెక్కిన లింగము మరల పెట్టె చేరినదా? చీపురు పట్టిన చేయి మరల ముడుచుకొన్నదా? ప్రతి కుటుంబమును నేటి సాయంపూజ ముగిసిన పిదప కలసి కూర్చుండి ఈ రెండు ప్రశ్నలు వేసికొనవలయును. సమాధానము ఇల్లాలిని మొదట చెప్పనిండు.

శరణు శరణార్థి.